ఆరోపణ వచ్చినవారికి ఎంత అవకాశం ఇవ్వాలి? ఐసీసీలో కొత్తగా చేరిన సభ్యురాలికి నా సమాధానం

మీ ప్రశ్న ఇదీ. మీరు ఒక విశ్వవిద్యాలయంలో అసిస్టెంట్ ప్రొఫెసర్. రెండు నెలల కిందట మిమ్మల్ని లైంగిక వేధింపుల ఫిర్యాదులు విచారించే అంతర్గత ఫిర్యాదుల కమిటీలో, అంటే అందరూ ఐసీసీ అనే దాంట్లో వేశారు. మొదటి ఫిర్యాదే పెద్దది వచ్చింది. ఎమ్మెస్సీ అమ్మాయి, తన ప్రాజెక్టు గైడు మీద. ఆయన నోటీసు అందిన మర్నాడే ఉత్తరం పెట్టారు: ఫిర్యాదు కాపీ కావాలి, సాక్షులెవరో చెప్పాలి, లాయరును తెచ్చుకుంటాను, ఆ అమ్మాయిని ప్రశ్నలు అడగనివ్వాలి. మీ అధ్యక్షురాలేమో "ఇవన్నీ ఇస్తే పిల్ల బెదిరిపోతుంది, సెమిస్టర్ పరీక్షల లోపు వారంలో తేల్చేద్దాం" అంటున్నారు. "అతనికి ఇన్ని అవకాశాలు ఇస్తే అమ్మాయికి అన్యాయం చేసినట్టు కాదా మేడం?" అని మీరు అడిగారు.

ముందు సూటిగా జవాబు చెబుతాను. ఫిర్యాదు కాపీ ఇవ్వాలి. సాక్షులు ఏం చెప్పారో ఆయనకు తెలియాలి. ప్రశ్నలు అడిగే అవకాశం ఉండాలి, కానీ కమిటీ ద్వారా, రాతపూర్వకంగా. లాయరును అనుమతించనక్కర్లేదు. వారంలో తేల్చడం మాత్రం వద్దే వద్దు.

ఇక ఎందుకో చెబుతాను. నేను ముప్పై ఏళ్లు పాఠాలు చెప్పాను. అందులో పదకొండేళ్లు ఇలాంటి కమిటీల్లో ఉన్నాను. మొదట సభ్యురాలిని, తరవాత అధ్యక్షురాలిని, రిటైరయ్యాక రెండు కాలేజీలకు బయటి సభ్యురాలిని. మొదట్లో నాదీ సరిగ్గా మీ అధ్యక్షురాలి ఆలోచనే. ఏడుస్తూ వచ్చిన పిల్లను చూస్తే ఎవరికైనా త్వరగా తేల్చెయ్యాలనే అనిపిస్తుంది. అలా తేల్చిన ఒక కేసులో మేం ఆ మనిషిని దోషి అన్నాం, ఉద్యోగం పోయింది, ఆయన హైకోర్టుకు వెళ్లాడు. మా నోటీసులో "మీపై ఫిర్యాదు అందినది, ఫలానా తేదీన హాజరు కాగలరు" అని తప్ప ఏం ఫిర్యాదో ఒక్క ముక్క లేదు. కాపీ ఇవ్వలేదు. సాక్షుల్ని ఆయన లేనప్పుడు పిలిచి మాట్లాడి పంపేశాం. నాలుగో ఏడు ఆర్డరు వచ్చింది: విచారణ చెల్లదు, మళ్లీ మొదలుపెట్టండి. అప్పటికి ఆ అమ్మాయికి పెళ్లయింది, వేరే ఊళ్లో ఉద్యోగం, ఒళ్లో చంటిపిల్ల. ఫోన్ చేసి "మళ్లీ వచ్చి చెప్పాలమ్మా" అన్నాను. అటువైపు చాలాసేపు మాటే లేదు. తరవాత "నేను చెప్పింది మీరు రాసుకున్నారు కదా మేడం?" అంది. రాసుకున్నాం. అది పనికిరాకుండా చేసింది మేమే. ఆ అమ్మాయి మళ్లీ రాలేదు. ఆయన మళ్లీ చేరాడు.

కాబట్టి ఆయనకు ఇచ్చే ప్రతి అవకాశమూ ఆ అమ్మాయి మాటను కాపాడే గోడలో ఒక ఇటుక అనుకోండి. ఇది ఓదార్పు కోసం చెప్పే మాట కాదు. గోవా విశ్వవిద్యాలయం కేసు చూడండి. 2009లో ఒక విభాగాధిపతి మీద విద్యార్థినులు ఫిర్యాదులు చేశారు. కమిటీ మే నెలలో వరసగా సిట్టింగులు పెట్టి జూన్ 5కల్లా రిపోర్టు ఇచ్చేసింది. ఆరోగ్యం బాగోలేదు, గడువు కావాలని ఆయన అడిగితే ఇవ్వలేదు, ఆయన లేకుండానే ముగించారు. ఉద్యోగం నుంచి తొలగించారు. 2012లో బాంబే హైకోర్టు కూడా విశ్వవిద్యాలయం పక్షానే నిలిచింది. కానీ 2023 మే 12న సుప్రీంకోర్టు ఆ తొలగింపును కొట్టేసి, 2009 మే 5 నాటికి విచారణ ఎక్కడుందో అక్కడి నుంచి మళ్లీ చెయ్యమంది. కమిటీ ఉద్దేశం ఎంత మంచిదైనా, చూపిన తొందర వల్ల ఆయనకు తన వాదన వినిపించుకునే అవకాశం సరిగా దక్కలేదని చెప్పింది. పద్నాలుగేళ్లు! ఆ రోజు ఇరవై ఏళ్లున్న పిల్లలకు ముప్పై నాలుగు వచ్చాయి. ఆ తీర్పు రాసిన న్యాయమూర్తి హిమా కోహ్లి. 2021లో మన తెలంగాణ హైకోర్టుకు మొదటి మహిళా ప్రధాన న్యాయమూర్తిగా వచ్చినావిడే. ఇదే తీర్పులో, దేశంలో ఎక్కడెక్కడ ఈ కమిటీలు వేశారో, ఎక్కడ వెయ్యలేదో లెక్క తీయమని ప్రభుత్వాలను గట్టిగా ఆదేశించారు కూడా. ఆడపిల్లల గోడు పట్టనివారు ఇచ్చిన తీర్పు కాదది.

ఇప్పుడు మీ కేసుకు వద్దాం. పనిచేసే చోట ఆడవాళ్ల మీద లైంగిక వేధింపుల్ని అడ్డుకోవడానికి వచ్చిన 2013 పోష్ చట్టంతో పాటు మీకు వర్తించేవి 2015 యూజీసీ నిబంధనలు. ఇవి గెజిట్‌లో వచ్చింది 2016 మేలో. వాటిని ప్రింట్ తీసుకుని సిట్టింగ్‌కి వెళ్లేటప్పుడు చేతిలో పెట్టుకోండి. ఫిర్యాదు అందిన ఏడు రోజుల్లో కాపీ ఎదుటి వ్యక్తికి పంపాలి. ఆయన పది రోజుల్లో జవాబు, తన దగ్గరున్న కాగితాలు, సాక్షుల పేర్లు ఇవ్వాలి. విచారణకు 90 రోజులు. అది ముగిశాక పది రోజుల్లో రిపోర్టు, కాపీ ఇద్దరికీ. పైవాళ్లు 30 రోజుల్లో అమలు చెయ్యాలి. అమలు చెయ్యకపోతే కారణాలు రాసివ్వాలి. అప్పీలుకు ఇద్దరికీ 30 రోజులు. 90 రోజులు అనేది గరిష్ఠ గడువే, అంతా వాడాలని లేదు. కానీ అందులో ఆయన జవాబుకే పది రోజులు ఇమ్మని నిబంధన చెబుతుంటే, మొత్తం విచారణ వారంలో ఎలా అవుతుంది? మీ అధ్యక్షురాలికి ఈ ఒక్క లెక్క చూపించండి చాలు.

మీ నోటీసుతో కాపీ పంపలేదని మీ మాటల్ని బట్టి అర్థమైంది. రేపే పంపండి. అందిన రోజు నుంచి ఆయనకు పది రోజులు లెక్కపెట్టండి.

కాపీ ఇచ్చేటప్పుడు ఒక జాగ్రత్త. అమ్మాయి ఎవరో ఆయనకు తెలియాల్సిందే, తెలియకుండా ఆయన జవాబు ఇవ్వలేరు. కానీ ఆమె ఫోన్ నంబరు, హాస్టల్ గది నంబరు, ఇంటి అడ్రసు ఆయనకు అక్కర్లేదు. వాటిని తీసేసి ఇవ్వాలి. ఎలా తీసేస్తారన్నది ముఖ్యం. ఒకసారి మా ఆఫీసులో నల్ల స్కెచ్ పెన్నుతో గీతలు కొట్టి ఆ కాగితాన్నే కవర్లో పెట్టారు. పంపే ముందు ఎందుకో తీసి కిటికీ దగ్గర వెలుతురుకు పెట్టి చూశాను. వెనక నుంచి ఫోన్ నంబరు పదంకెలూ కనబడుతున్నాయి. కొట్టేశాక దాన్ని మళ్లీ జిరాక్స్ తీసి, ఆ జిరాక్స్ పంపాలి. కంప్యూటర్లో అయితే నల్ల పెట్టె అతికిస్తే చాలదు, దాని కింద అక్షరాలు అలాగే ఉంటాయి. మరో మాట, టైపు చేసేది ఎవరు? రిజిస్ట్రార్ ఆఫీసు గుమాస్తాకి ఇస్తే సాయంత్రానికి క్యాంటీన్లో వినపడుతుంది. మేం సభ్యులమే టైపు చేసుకునేవాళ్లం. వివరాలు బయటపెట్టినవారికి చట్టం కింద ఐదు వేల రూపాయల జరిమానా ఉంది. చిన్న మొత్తమే, కానీ ఆ సంగతి మొదటి రోజే అందరికీ చదివి వినిపించి సంతకాలు తీసుకుంటే నాలుకలు కొంచెం అదుపులో ఉంటాయి. ఆ సంతకం ఆరోపణ వచ్చిన వ్యక్తి దగ్గర కూడా తీసుకోవాలి. తేలకముందే ఊరంతా తెలిస్తే ఆయన కుటుంబమూ నలుగుతుంది.

వాంగ్మూలం దగ్గర నాకు చాలా చెప్పాలని ఉంది. ఎందుకంటే మన దగ్గర కేసులు ఎక్కువగా పాడయ్యేది అక్కడే. అమ్మాయి తెలుగులో చెబుతుంది. మనం ఇంగ్లీషులో రాస్తాం. "కంప్యూటర్ చూపిస్తానని కుర్చీ వెనక నిలబడి, నా భుజం మీదుగా వంగి, మౌస్ మీదున్న నా చేతి మీద చెయ్యి వేశాడు, నేను లాక్కుంటే నవ్వాడు" అని ఒకమ్మాయి చెప్పింది. టైపు చేసిన కాగితంలో అది 'అసభ్యంగా ప్రవర్తించాడు' అనే అర్థం వచ్చే ఒక్క ఇంగ్లీషు ముక్క అయిపోయింది. ఆ ఒక్క ముక్కకు ఎవరైనా ఏం జవాబు చెబుతారు? 'లేదు, ప్రవర్తించలేదు' అంటారు, అంతే. కుర్చీ, మౌస్, భుజం అని ఉంటే, అప్పుడు ల్యాబ్‌లో ఇంకెవరున్నారు, ఆ కుర్చీ గోడవైపు ఉంటుందా తలుపువైపు ఉంటుందా అని అడగొచ్చు, చూడొచ్చు, తేల్చొచ్చు. పెద్దరికం కొద్దీ, మొహమాటం కొద్దీ మనం వివరాలు మింగేస్తాం. దాంతో ఇద్దరికీ నష్టమే. అతను దేనికి జవాబివ్వాలో అతనికి తెలియదు, ఆమెకు ఏం జరిగిందో కాగితం మీద ఉండదు.

కాబట్టి ఆమె ఏ భాషలో చెబితే ఆ భాషలోనే, ఆమె మాటల్లోనే రాయండి. మన జిల్లాల యాస ఉంటే యాసతోనే రాయండి. రాశాక చదివి వినిపించండి. "ఇందులో మార్చాల్సింది ఉందా అమ్మా?" అని అడగండి. మార్చిన చోట పక్కన పొట్టి సంతకం, ప్రతి పేజీ కింద పూర్తి సంతకం. ఇంగ్లీషు అనువాదం కావాల్సి వస్తే విడిగా చేయించి, తెలుగు కాగితం కూడా దానితో జతపరచండి. ఆయన వాంగ్మూలానికీ ఇదే పద్ధతి. ఒకరి మాట నాలుగు పేజీలు, ఇంకొకరిది అరపేజీ ఉంటే, లోపల ఏం జరిగినా సరే, చదివేవాళ్లకు కమిటీ ఒకవైపు మొగ్గిందనే అనిపిస్తుంది.

ఇక ప్రశ్నలు అడగడం, క్రాస్ ఎగ్జామినేషన్. దీని గురించే అందరికీ టెన్షన్. "హీరానాథ్ మిశ్రా కేసులో అక్కర్లేదని సుప్రీంకోర్టే చెప్పింది కదా" అని మీ కమిటీలో ఎవరైనా అంటారు, చూడండి. అది 1973 తీర్పు. రాంచీలో రాజేంద్ర వైద్య కళాశాల, 1972 జూన్‌లో ఒక రాత్రి కొందరు మగ విద్యార్థులు ఆడపిల్లల హాస్టల్లోకి చొరబడ్డారు. 36 మంది అమ్మాయిలు ఫిర్యాదు రాశారు. ముగ్గురు సభ్యుల కమిటీ అబ్బాయిలు లేనప్పుడు అమ్మాయిల వాంగ్మూలాలు తీసుకుంది. నిందితుల ఫొటోలు ఇరవై వేరే ఫొటోల్లో కలిపి గుర్తుపట్టమంది. తరవాత అబ్బాయిల్ని పిలిచి ఆరోపణలు చెప్పి వాళ్ల మాట విన్నది. రెండేళ్లు బహిష్కరించారు. సహజ న్యాయం, అంటే పక్షపాతం లేకుండా ఇద్దరి మాటా వినాలన్న సూత్రం, ప్రతిచోటా ఒకే కొలతతో కుట్టిన చొక్కా కాదు, ఆ అమ్మాయిలు ఎదురుగా నిలబడి చెబితే బయటికెళ్లాక వాళ్లకు రక్షణ ఉండదు కాబట్టి ఈ పద్ధతి సరైనదే అని కోర్టు సమర్థించింది.

మంచి తీర్పే. కానీ అప్పటికి పోష్ చట్టం లేదు, యూజీసీ నిబంధనలు లేవు. అంతమంది అమ్మాయిలు కలిసి చెప్పిన కేసు అది. గుర్తుపట్టడంలోనూ కమిటీ ఎంత జాగ్రత్త పడిందో చూశారు కదా, ఇరవై ఫొటోలు కలిపారు. ఒక గదిలో ఇద్దరే ఉన్నప్పుడు జరిగిన సంగతికి, ఒక అధ్యాపకుడి ఉద్యోగం పోయే కేసుకు ఆ తీర్పును అడ్డం పెట్టుకుంటే హైకోర్టులో నిలబడుతుందన్న నమ్మకం నాకు లేదు.

మధ్యేమార్గం ఉంది. అత్యాచార కేసుల్లో బాధితురాలు నిందితుణ్ణి చూడకుండా తెర పెట్టాలని, అతని తరఫు ప్రశ్నలు రాసిస్తే న్యాయమూర్తే అడగాలని, మధ్యలో విరామాలు ఇవ్వాలని 2004లో సాక్షి అనే సంస్థ వేసిన కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. క్రిమినల్ కోర్టులోనే అది చెల్లినప్పుడు మన కమిటీ గదిలో ఎందుకు చెల్లదు? ఎయిర్ ఇండియా ఉద్యోగి ఒకరి కేసులో 2016లో కేరళ హైకోర్టు కూడా, ఎదురెదురుగా నోటితో అడగడమే క్రాస్ కాదు, రాతపూర్వక ప్రశ్నలతోనూ న్యాయమైన అవకాశం ఇచ్చినట్టే అవుతుందని చెప్పింది.

మేం చేసిన పద్ధతి చెబుతాను. అమ్మాయి వాంగ్మూలం కాపీ ఆయనకు ఇస్తాం. ప్రశ్నలు రాసివ్వడానికి ఐదారు రోజులు ఇస్తాం. వచ్చిన ప్రశ్నలు కమిటీ చదివి, సంబంధం లేనివీ, అవమానించేవీ కొట్టేస్తుంది. ఏ ప్రశ్న ఎందుకు కొట్టేశామో పక్కనే ఒక వాక్యం రాస్తాం. ఈ వాక్యమే రేపు కోర్టులో మిమ్మల్ని కాపాడేది. మిగతా ప్రశ్నలు ఆయన రాసిన మాటల్లోనే అధ్యక్షురాలు అడుగుతుంది, అమ్మాయి చెప్పింది చెప్పినట్టు రాస్తాం. ఆ జవాబుల కాపీ ఆయనకు ఇచ్చి, వాటి మీద ఇంకేమైనా అడగాలా అని ఒక్కసారి అవకాశం ఇస్తాం. తరవాత ఆయన్నీ, ఆయన సాక్షుల్నీ ఇలాగే ప్రశ్నించే హక్కు అమ్మాయికి కూడా ఉంటుంది. చాలా కమిటీలు ఈ చివరిది మరిచిపోతాయి.

ఒక కేసులో ఆయన 42 ప్రశ్నలు రాసిచ్చారు. పదకొండు కొట్టేశాం. ఏ బట్టలు వేసుకున్నావు, నీకు బాయ్‌ఫ్రెండ్ ఉన్నాడా, నీ ఇంటర్నల్ మార్కులు తక్కువొచ్చాయని మీ నాన్న కొట్టాడట కదా, ఇలాంటివి. నిజానికి మార్కుల సంగతి పూర్తిగా కొట్టెయ్యలేం, కక్షతో ఫిర్యాదు చేసిందని ఆయన వాదన కాబట్టి. "మార్కులు ఎప్పుడు ప్రకటించారు, ఫిర్యాదు ఎప్పుడు ఇచ్చారు?" అన్నంత వరకు ఉంచి, నాన్న సంగతి తీసేశాం. ఒక ప్రశ్న దగ్గర మాత్రం మా సభ్యులం గంటసేపు వాదించుకున్నాం. "13వ తేదీ సాయంత్రం నేను ఊళ్లోనే లేను, రైలు టికెట్ ఉంది, దీనికేమంటారు?" అని. అమ్మాయి ఫిర్యాదులో 13 అనే రాసింది. ఈ ప్రశ్న అడిగితే పిల్ల కూలిపోతుందని ఒక సభ్యురాలు అడగొద్దనే అంది. చివరికి అడిగాం. ఆమె మొహం పాలిపోయింది. నీళ్లు ఇచ్చి, పది నిమిషాలు ఆగాం. తరవాత ఆమె ఫోన్ తీసి వెనక్కి జరుపుతూ జరుపుతూ వెళ్లి, ఆ రాత్రి రూమ్మేట్‌కి పెట్టిన మెసేజ్ చూపించింది. "నువ్వు త్వరగా రావే, నాకు భయమేస్తోంది" అని. తేదీ 14. ఫిర్యాదు రాసింది రెండు నెలల తరవాత కాబట్టి ఒక రోజు తేడా పడింది. ల్యాబ్ రిజిస్టరు తెప్పిస్తే 14 సాయంత్రం ఆరున్నరకు ఆయన సంతకం ఉంది. ఆ ప్రశ్న మేం దాచి ఉంటే ఆయన ఆ టికెట్‌ను మొదటిసారి హైకోర్టులో చూపించేవాడు. అప్పుడు మెసేజ్ చూపించే వీలూ, రిజిస్టరు తెప్పించే వీలూ ఆమెకు ఉండేవి కావు. తేదీ మారిన సంగతిని ఆయనకు రాసి పంపి, జవాబుకు మళ్లీ వారం ఇచ్చాం. ఆ కేసులో మేం తేల్చింది ఎక్కడా చెక్కుచెదరలేదు.

దీనికి రెండో వైపు కూడా చెప్పాలి. ఇంకో కేసులో ఒక అబ్బాయి ఫోన్ నంబరు నుంచి అమ్మాయికి అసహ్యమైన మెసేజులు వెళ్లాయి. క్యాంపస్ అంతా ఆ అబ్బాయే అని తేల్చేసింది. అమ్మాయి కూడా నిజంగానే అలా నమ్మింది. ఆ నంబరు తన పేరు మీదున్నా తన ఊళ్లో వేరేవాళ్లు వాడుతున్నారని అతను జవాబులో రాశాడు. అడగనిచ్చాం, కాగితాలు తెచ్చుకోనిచ్చాం, అతను చెప్పింది నిజమని తేలింది. అమ్మాయి అబద్ధం చెప్పలేదు, ఆమెకు మెసేజులు వచ్చిన మాట నిజం. పంపింది అతను కాదు, అంతే. వినకపోయి ఉంటే ఇరవై ఏళ్ల వాడి చదువు పోయేది, అసలువాడు హాయిగా మెసేజులు పెడుతూనే ఉండేవాడు.

లాయరు సంగతి తేలిక. పోష్ చట్టం కింద వచ్చిన 2013 నియమాల్లో ఏడోది చూడండి, విచారణలో ఏ దశలోనూ ఏ పక్షమూ న్యాయవాదిని తెచ్చుకోకూడదు. ఇద్దరికీ వర్తిస్తుంది. అమ్మాయి మేనమామ అడ్వకేటైనా సరే, బయట కూర్చోవాల్సిందే.

మీ కమిటీలో ఎవరెవరున్నారో ఒకసారి చూసుకోండి. వీసీ, రిజిస్ట్రార్, డీన్లు, విభాగాధిపతులు సభ్యులుగా ఉండకూడదని నిబంధన స్పష్టంగా చెబుతోంది. అధ్యక్షురాలు విశ్వవిద్యాలయంలో అయితే ప్రొఫెసర్ స్థాయి మహిళ కావాలి. మొత్తంలో సగం మంది ఆడవాళ్లు, బయటి సంస్థ నుంచి ఒకరు. విద్యార్థుల ప్రమేయం ఉన్న కేసు కాబట్టి డిగ్రీ, పీజీ, పరిశోధన స్థాయిల నుంచి ముగ్గురు విద్యార్థులు ఉండాలి, వాళ్లూ ఎన్నికైనవాళ్లు కావాలి. మీకు వచ్చిన కేసులో వీళ్లు లేకుండా సిట్టింగ్ పెడితే ఆ ఒక్క కారణమే చాలు ఎవరైనా కోర్టుకెళ్లడానికి. ఇక మీ సభ్యుల్లో ఆ గైడుతో కలిసి పేపర్లు రాసినవాళ్లు, ఆయనతో ప్రమోషన్ గొడవ ఉన్నవాళ్లు, ఆ అమ్మాయికి బంధువులు ఎవరైనా ఉంటే ఈ కేసు వరకు తప్పుకోవాలి. మా దగ్గర ఒకాయన "నాకు పక్షపాతం లేదు, నేను ఉంటాను" అన్నారు. పక్షపాతం ఉందని ఎవరమూ అనలేదు, ఉందని ఎదుటివాళ్లు అనుకోవడానికి కారణం ఉంది, అది చాలు. మొదటి సిట్టింగ్‌లోనే ఇద్దరినీ "ఈ సభ్యుల్లో ఎవరి మీదైనా మీకు అభ్యంతరం ఉందా?" అని రాతపూర్వకంగా అడగండి.

మీ అధ్యక్షురాలి భయానికి అసలు మందు తొందర కాదు, మధ్యంతర రక్షణ. దాన్ని మన కమిటీలు చాలా తక్కువగా వాడతాయి. యూజీసీ నిబంధనల్లో తొమ్మిదోది ఇందుకే ఉంది. ఆ అమ్మాయి ప్రాజెక్టును వేరే గైడుకు మార్చమని సిఫార్సు చెయ్యండి. ఆమె పేపర్లు, వైవా, ఇంటర్నల్స్ ఆయన చేతికి వెళ్లకుండా చెయ్యండి. ఆమెకు దూరంగా ఉండమని ఆయనకు రాతపూర్వకంగా చెప్పించండి. అవసరమైతే ఆమెకు మూడు నెలల వరకు సెలవు ఇప్పించొచ్చు, హాజరు పోకుండా. ఇవి రేపే చెయ్యొచ్చు, రిపోర్టు దాకా ఆగనక్కర్లేదు. ఆ ఉత్తర్వులో ఒక వాక్యం తప్పక పెట్టండి: ఇది శిక్ష కాదు, ఆరోపణ నిజమని కమిటీ అభిప్రాయపడినట్టూ కాదు. పరీక్ష మార్కులు తన చేతిలో లేవని తెలిసిన రోజున పిల్ల సగం తేరుకుంటుంది. అప్పుడు 60 రోజులు పట్టినా తట్టుకుంటుంది.

గైర్హాజరు గురించి రెండు మాటలు. ఆయన సరైన కారణం లేకుండా వరసగా మూడు సిట్టింగులకు రాకపోతే ఆయన లేకుండా ముగించొచ్చు, కానీ దానికి ముందు 15 రోజుల రాతపూర్వక నోటీసు ఇవ్వాలి. డాక్టర్ సర్టిఫికెట్ పెడితే అబద్ధమని మనసులో అనుకుని ఊరుకోవద్దు. అనుమానం ఉంటే పరిశీలనకు పంపండి, లేదా ఒక వాయిదా ఇచ్చి ఇదే ఆఖరని రాయండి. గోవాలో దెబ్బ తగిలింది ఇక్కడే.

ఫిర్యాదు గడువు కూడా మొదటే చూసుకోవాలి. చివరి సంఘటన నుంచి మూడు నెలలు, కారణాలు రాసి ఇంకో మూడు నెలలు పొడిగించొచ్చు. కోల్‌కతాలో ఒక న్యాయ విశ్వవిద్యాలయం వైస్ ఛాన్సలర్ మీద వచ్చిన ఫిర్యాదు ఈ లెక్క దాటిందనే కారణంతో నిలవదని 2025 సెప్టెంబరులో సుప్రీంకోర్టు తేల్చింది. మీ అమ్మాయి మూడు నెలలు దాటాక ఇచ్చి ఉంటే, ఎందుకు ఆలస్యమైందో ఆమెను అడిగి, పొడిగిస్తున్నట్టు కారణాలతో తీర్మానం రాయండి. భయం, గైడు చేతిలో ప్రాజెక్టు ఉండటం, ఇంట్లో చెప్పుకోలేకపోవడం, ఇవన్నీ కారణాలే. మనం కాగితం మీద పెట్టకపోతే లేనట్టే.

రిపోర్టు రాసే రోజు వచ్చినప్పుడు, క్రిమినల్ కోర్టులో లాగా సందేహానికి తావే లేకుండా రుజువు కావాలని ఎవరైనా అంటే ఒప్పుకోవద్దు. జరిగి ఉండటానికే ఎక్కువ ఆస్కారం ఉందా లేదా అన్నదే ఇక్కడ కొలత. 1999లో ఏకే చోప్రా కేసులో సుప్రీంకోర్టు, చిన్న చిన్న తేడాలు పట్టుకుని వేలాడొద్దు, మొత్తంగా ఏది నమ్మదగ్గదో చూడమంది. కానీ ఆ కొలతకు మీరు ఎలా చేరుకున్నారో రాయాలి. ఫలానా సంఘటన, ఆమె ఇలా చెప్పింది, ఆయన ఇలా చెప్పారు, రిజిస్టరు ఇది చూపిస్తోంది, అందుకని మేం ఇది నమ్ముతున్నాం, ఇందుకు. ఒక్కో ఆరోపణకు విడివిడిగా రాయండి. ఐదు ఆరోపణల్లో మూడు రుజువై రెండు కాకపోతే అలాగే రాయండి. దానివల్ల ఆ మూడింటికీ బలం వస్తుంది. రుజువు కాకపోతే ఫిర్యాదు అబద్ధమని కాదు. రుజువు చెయ్యలేకపోయినంత మాత్రాన ఆమె మీద చర్య ఉండకూడదని నిబంధన చెబుతోంది. దురుద్దేశం ఉందనాలంటే అది విడిగా విచారించి తేలాలి. ఆ వాక్యాన్ని కూడా రిపోర్టులో పెట్టండి, ఎందుకంటే మర్నాడే "అబద్ధమని తేలింది" అనే పుకారు పుడుతుంది.

ఆ గైడు ప్రొబేషన్‌లో ఉంటే ఇంకొక సంగతి. "ప్రొబేషనేగా, మీ సేవలు చాలు అని ఒక్క లైను రాసి పంపేద్దాం" అని పైవాళ్లు అంటారు. కేరళ కేంద్రీయ విశ్వవిద్యాలయం అలాగే చేసింది. ఉత్తర్వులో ఐసీసీ రిపోర్టు ప్రస్తావన ఉంది కాబట్టి అది మామూలు తొలగింపు కాదు, మచ్చ వేసే తొలగింపు, పూర్తి క్రమశిక్షణ విచారణ లేకుండా చెల్లదని 2020లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. దగ్గరి దారి మళ్లీ మొదటికే తెచ్చింది.

రేపు పొద్దున మీరు చెయ్యాల్సింది రెండు కాగితాలు. ఒకటి, ఫోన్ నంబరు, అడ్రసు తీసేసిన ఫిర్యాదు కాపీ, పది రోజుల గడువుతో ఆయనకు. అందులోనే లాయరు కుదరదని, ప్రశ్నలు రాసివ్వొచ్చని, అమ్మాయిని గానీ సాక్షుల్ని గానీ తాను స్వయంగా లేదా ఎవరి ద్వారానైనా కలవకూడదని రాయండి. రెండోది, గైడు మార్పు, మూల్యాంకనం మార్పు కోరుతూ వీసీకి సిఫార్సు. అది అమలయ్యాక ఆ అమ్మాయిని పిలిచి, మీరే కూర్చోబెట్టి, కాపీ ఆయనకు వెళ్లిందని, ఆయన ప్రశ్నలు వస్తాయని, అవి కమిటీయే అడుగుతుందని, ఆయన ఆ గదిలో ఉండరని ముందుగా చెప్పండి. ఎవరి దగ్గరో వినేలోపు మీ నోటి నుంచే వినాలి. భయపడితే రూమ్మేట్‌నో, అమ్మనో బయట కూర్చోబెట్టుకోమనండి. ఆమె చూపించే ఫోన్‌లో మెసేజులుంటే వాటిని డిలీట్ చెయ్యొద్దని, ఫోన్ మార్చొద్దని కూడా అప్పుడే చెప్పండి. స్క్రీన్‌షాట్లు తీసుకోండి, తేదీ, టైమ్ కనపడేలా.

ల్యాబ్ రిజిస్టరు మాత్రం రేపటిదాకా ఆగకుండా ఈ రోజే తెప్పించి మీ అలమరాలో పెట్టి తాళం వెయ్యండి.